వలకన్ను, కొలబద్ద

భద్రాచలము కడ గోదావరి వేసవిలో ఒక రూపమున, వానకాలములో వేరొక రూపమున కనిపించును. వైశాఖమాసమున ఇసుకతిన్నెల నడుమ పాయలుగా చీలి సన్నగా పారుచుండు నదియే శ్రావణము వచ్చునప్పటికి రెండు గట్లను ఒరసికొని, ఎర్రని నీటితో, కొట్టుకొనివచ్చు మ్రానులతో పరుగెత్తును. 2022 జూలైలో ఇచ్చట నీటిమట్టము 71 అడుగులు దాటినది. నదికి ఇరుప్రక్కల అడవులు కలవు. ఎగువన చర్ల వైపు నుండి తాలిపేరు, పాల్వంచ అడవుల నుండి కిన్నెరసాని, దిగువన కూనవరము కడ శబరి వచ్చి గోదావరిలో కలియుచున్నవి. అడవివాగులు మోసికొనివచ్చు ఆకులు, పురుగులు చేపలకు ఆహారమగును. కావున ఈ నీటిలో చేపకు కొదువ లేదని పెద్దలు చెప్పుకొనెడివారు. ఇప్పుడు ఆ మాట అంత ధైర్యముగా చెప్పువారు తక్కువ.

బొచ్చె, శీలావతి, వాలుగ, జెల్ల, కొర్రమీను మున్నగు చేపలు ఈ నదిలోను, దానిలో కలియు వాగులలోను దొరకును. వానిని పట్టువారు రెండు విధములు. జాలరులు, కోయలు, కొండరెడ్లు కడుపుకూటి కొరకు పట్టుదురు. వీరికి చేప దొరకని దినమున కూర లేదు, ఒకప్పుడు కూడును లేదు. రెండవ విధమువారు సెలవుదినమున గాలపుకర్ర భుజాన వేసికొని వినోదము కొరకు గట్టుమీద కూర్చుండువారు. వీరు చేప దొరకకున్నను ఇంటికి పోయి భోజనము చేయగలరు. ఈ భేదమును మనసులో ఉంచుకొననిదే చేపల వేటకు హద్దులు నిర్ణయించుట న్యాయము కాదు.

ఎంత పొడవు చేపను పట్టవచ్చును? దినమునకు ఎన్నింటిని పట్టవచ్చును? ఈ రెండు ప్రశ్నలు చూచుటకు చిన్నవి. కాని నదిలో రేపు చేప ఉండునా, ఉండదా అన్నది వీనిపై చాలవరకు ఆధారపడియున్నది.

శీలావతి, బొచ్చె వంటి పెద్దజాతి చేపలు సాధారణముగా రెండవయేట గాని, ఆ పిమ్మట గాని గ్రుడ్లు పెట్టు వయస్సునకు వచ్చును. వరదనీరు గట్లు పొర్లి పల్లపుభూములను ముంచినపుడు అవి ప్రవాహమునకు ఎదురీది, లోతు తక్కువైన చోట్లకు చేరి గ్రుడ్లు విడుచును. ఒక్కొక్క తల్లిచేప విడుచు గ్రుడ్లు లక్షలలో ఉండును. ఇన్ని లక్షలలో కొన్నియే పిల్లలై బ్రదుకును. కొన్ని వరదకు కొట్టుకొనిపోవును, కొన్నింటిని ఇతర చేపలు తినును, కొన్ని నీరు తీసిన గుంటలలో ఎండిపోవును. ఇన్ని గండములు గడచి జానెడు పొడవు పెరిగిన చేపపిల్ల ఒక విధముగా అదృష్టవంతురాలే. దానిని ఆనాడే పట్టిన యెడల చారెడు మాంసము దొరకును. ఒక వానకాలము గడువనిచ్చిన యెడల అది గ్రుడ్లు పెట్టును, దాని బరువును అనేకరెట్లు పెరుగును. జన్మమున ఒక్కసారియైన గ్రుడ్లు పెట్టకమునుపు ఏ చేపను పట్టరాదు అను సూత్రము ఈ లెక్క నుండియే పుట్టినది. లోకములో చేపల పొడవును గూర్చి ఉన్న నిబంధనలలో చాలవాటికి మూలము ఇదే.

కొర్రమీను కథ వేరు. 2016లో తెలంగాణము దీనిని రాష్ట్రపు చేపగా ప్రకటించినది. ఇది వేలకొలది గ్రుడ్లే పెట్టును, లక్షలు కాదు. కాని పెట్టి విడిచిపోదు. తుంగ, నాచు నడుమ నీటిని తెరపిచేసి అక్కడ గ్రుడ్లు పెట్టి కాపలా కాయును. పిల్లలు పుట్టినపిమ్మట ఎర్రని గుంపుగా నీటిపైకి వచ్చి గాలి పీల్చుచుండగా పెద్దచేప వాని క్రింద తిరుగుచుండును. దగ్గరకు కప్ప వచ్చినను, పాము వచ్చినను దానిపైకి దుముకును. గాలమువేయువారిలో కొందరు ఈ గుణమును కనిపెట్టి, పిల్లల గుంపు నడుమ ఎరను ఆడింతురు. ఆకలిచేత గాక కోపముచేత ఆ చేప ఎరను కరచి దొరకిపోవును. అది రెండు కిలోల చేపయైనను, మూడు కిలోల చేపయైనను, ఏ కొలబద్దకును తప్పు దొరకదు. కాని కాపలా పోయిన మరుక్షణమే ఇతర చేపలు వచ్చి పిల్లలను తినివేయును. ఒక్క గాలమున ఒక సంసారము పోయినట్లే. ఇట్టి వేటను వినోదమనుట కష్టము.

ఈ విషయములను మన దేశమున ప్రభుత్వము దృష్టికి తెచ్చినవారిలో ఇద్దరు మద్రాసు రాజధానితో సంబంధము కలవారే. ఫ్రాన్సిస్ డే మద్రాసులో సైనికవైద్యుడుగా కొలువుచేసి, పిమ్మట భారతదేశపు మత్స్యశాఖకు ప్రధాన పరీక్షాధికారి ఆయెను. మంచినీటి చేపలను గూర్చి ఆయన వ్రాసిన నివేదిక 1873లో వెలువడినది. సన్నకన్నుల వలలచేతను, వాగులకు అడ్డముగా కట్టు వెదురుతడికలచేతను చేపపిల్లలు నశించుచున్నవని ఆయన హెచ్చరించెను. అదే సంవత్సరమున హెచ్. ఎస్. థామస్ అను సివిలు ఉద్యోగి గాలపువేటను గూర్చి ఒక గ్రంథము ప్రకటించెను. థామస్ స్వయముగా గాలపువేటకాడు. పిల్లచేపల నాశనమును చూచి ఎక్కువగా బాధపడినది వేటకాడే అగుట గమనింపదగినది.

వీరి మాటలు చట్టముగా మారుటకు రెండు దశాబ్దములకు పైగా పట్టినది. 1897లో భారత మత్స్యచట్టము పుట్టెను. నీటిలో మందుగుండు ప్రేల్చి చేపలను చంపుట, విషము గాని సున్నము గాని కలిపి చంపుట నేరములని అది నిర్ణయించినది. శిక్ష రెండు నెలల ఖైదు వరకు, జరిమానా రెండు వందల రూపాయల వరకు విధింపవచ్చును. ఆనాడు రెండు వందలు పెద్ద మొత్తమే. ఇవి గాక, వలల రకమును, పరిమాణమును, వాడు విధమును కట్టడిచేయుటకును, ఒక నీటిపట్టున రెండేండ్లకు మించకుండ వేటను పూర్తిగా ఆపుటకును ప్రభుత్వమునకు అధికారము కలిగెను.

భద్రాచలము కడ ఈ చట్టమునకు ఒక చిక్కు ఉండెను. 1860లో నైజాము గోదావరి ఎడమగట్టు ప్రాంతమును బ్రిటిషువారికి ఒప్పగించెను. భద్రాచలము తాలూకా మొదట మధ్యపరగణాలలో ఉండి, 1874లో మద్రాసు రాజధానిలో చేరెను. కుడిగట్టు మాత్రము నైజాము రాజ్యముననే నిలిచెను. బ్రిటిషువారి చట్టము నైజాము రాజ్యమునకు వర్తింపదు. నది ఒకటి, గట్లు రెండు, ప్రభుత్వములు రెండు. చేపకు ఈ సరిహద్దు తెలియదు. 1959లో భద్రాచలము ఖమ్మము జిల్లాలో చేరుటతో రెండు గట్లు ఒకే పాలనలోనికి వచ్చెను. మరల 2014లో కూనవరము, చింతూరు మున్నగు మండలములు ఆంధ్రప్రదేశమున కలిసెను. 2016లో భద్రాద్రి కొత్తగూడెము జిల్లా ఏర్పడినది. నేడును శబరీసంగమము ఒక రాష్ట్రమున, భద్రాచలము మరియొక రాష్ట్రమున ఉన్నవి.

విషమును గూర్చి ఒక మాట. మంగకాయ వంటి అడవికాయలను దంచి, మడుగులో కలిపి, మత్తెక్కి తేలిన చేపలను ఏరుకొనుట అడవిప్రజలకు పూర్వమునుండి తెలిసిన పద్ధతి. వేసవిలో ఎట్లును ఎండిపోవు చిన్న మడుగున ఊరంతయు కలిసి చేయు పని అది. దానిని, పైరుకు కొట్టు పురుగుమందును పారునీటిలో కుమ్మరించుటను ఒక్కటిగా చూడరాదు. రెండవది చేపను, పిల్లను, కప్పను, ఆ నీరు త్రాగిన పశువును కూడ విడువదు.

1897 నాటి చట్టమున చేప ఇన్ని అంగుళములు ఉండవలెనని ఎచ్చటను వ్రాసియుండలేదు. వలను గూర్చి మాత్రము చెప్పెను. ఇందులో ఒక తెలివి కలదు. వలకన్నే కొలబద్ద. కన్ను పెద్దదైనచో చిన్నచేప తనంతట తాను దూరి తప్పించుకొనును. ఎవరును దానిని పట్టి కొలువ నక్కరలేదు, విడిచిపెట్టుమని బోధింప నక్కరలేదు. నీటిలోనే తీర్పు జరిగిపోవును. దోమతెర వంటి వలతో లాగినచో ఆ తీర్పు ఉండదు. గోరంత పిల్ల మొదలు అన్నియు గట్టునకు వచ్చును.

గాలమునకు కన్ను లేదు. కొక్కెము చిన్నదైన చిన్నచేప, పెద్దదైన పెద్దచేప పడుననుట కొంతవరకు నిజమే. కాని చేపపిల్ల తన నోటికి మించిన ఎరను కూడ ఆశపడి మ్రింగుట ప్రతి గాలపువానికి అనుభవమే. కాబట్టి వల చేయు పనిని ఇచ్చట మనిషి చేయి చేయవలసియున్నది. వినోదపు వేటకు పొడవుహద్దు, లెక్కహద్దు అను రెండింటిని పెక్కు దేశములవారు ఏర్పరచినది ఇందుచేతనే. పొడవుహద్దు చిన్నచేపను కాపాడును. లెక్కహద్దు, చేపలు గుంపుగా వచ్చిన దినమున మనిషి దురాశను ఆపును. కొన్ని చోట్ల కొన్ని చేపలకు గరిష్ఠపు హద్దును కూడ పెట్టుదురు. వయసుమీరిన పెద్ద తల్లిచేప చిన్నవానికన్న ఎన్నోరెట్లు ఎక్కువ గ్రుడ్లు పెట్టును గనుక దానిని కూడ విడువవలెను.

విడుచుటలోను నేర్పు కలదు. పొడిచేతులతో పట్టినచో చేపమీది జిగురు ఊడిపోయి, ఆ చోట రోగము పుట్టును. కావున చేతులు తడుపుకొని పట్టవలెను. మొప్పలలో వ్రేళ్లు దూర్చరాదు. కొక్కెము లోతుగా దిగినచో లాగక దారమును కత్తిరించుట మేలు. నదిలో విడుచునపుడు తలను ప్రవాహమునకు ఎదురుగా ఉంచి, అది తనంతట తాను ఈదువరకు ఆసరా ఇయ్యవలెను. విసరివేసిన చేప మునిగినంత మాత్రమున బ్రదికినట్లు కాదు.

పొడవుహద్దు పెట్టుటకు ముందు తెలియవలసినది చేప జాతి. ఈ సంగతి నదీచేపలలోకన్న సముద్రపుచేపలలో తేటగా కనబడును. భద్రాచలపు మన్యములో వారపు సంతలకు కోస్తానుండి ఉప్పుచేప వచ్చును. సముద్రమును ఎన్నడును చూడని అడవిపల్లెలలో కూడ కానాగంతను గుర్తుపట్టగలవారు కలరు. ఇంగ్లీషువారు మాకెరెల్ అనునది ఈ కానాగంతనే. శాస్త్రములో దీని పేరు రాస్ట్రెల్లిగర్ కానగుర్త. ఇందులో రెండవ పదము అచ్చముగా తెలుగు.

అది శాస్త్రములోనికి ఎక్కిన తీరు ఇది. ఈస్టిండియా కంపెనీ కొలువులో ఉన్న పాట్రిక్ రస్సెల్ అను వైద్యుడు 1780ల దశకములో విశాఖపట్టణమున చేపలను సేకరించెను. జాలరులు ఏ చేపను ఏమందురో అడిగి ఆ పేరే వ్రాసికొనెను. మన దేశపు చిత్రకారుని చేత బొమ్మలు వ్రాయించెను. రెండు వందల చేపల బొమ్మలు, వర్ణనలు గల ఆయన గ్రంథము 1803లో లండనున ప్రకటితమాయెను. సర్పములను గూర్చిన మరియొక గ్రంథములో మన కాటుకరేకుల పొడను కూడ తెలుగు పేరుతోనే వర్ణించెను. ఆ పామునకే తరువాత రస్సెల్ పేరు పెట్టిరి. ఫ్రెంచి శాస్త్రజ్ఞుడు కూవియే రస్సెల్ గ్రంథము నుండి కానాగంతను గ్రహించి 1816లో దానికి శాస్త్రనామము పెట్టునపుడు, విశాఖ జాలరి నోటిమాటనే ఉంచెను. రాస్ట్రెల్లిగర్ అనగా దంతెను ధరించునది. ఈ చేప నోరు తెరచినపుడు మొప్పలలోని పొడుగైన ముళ్లు ఈకలవలె కనబడును. నీటిలోని కంటికానని ప్రాణులను అది వానితో వడగట్టుకొని తినును.

వంజరము ఈ కుటుంబపు చేపయే. ఇంగ్లీషున దానిని కూడ మాకెరెల్ అనుట కలదు. కాని కానాగంత సుమారు 18 లేక 19 సెంటీమీటర్ల పొడవునకే గ్రుడ్లు పెట్టు వయస్సునకు వచ్చును. పెద్దజాతి వంజరము ఇంచుమించు 70 సెంటీమీటర్లు పెరిగినగాని రాదు. అనగా అడుగు పొడవు గల కానాగంత ముసలిది, అంతే పొడవు గల వంజరము పసిది. ఒకే కొలబద్దతో రెండింటిని కొలిచినచో ఒకదానికి అన్యాయము తప్పదు. కావున ముందు ముఖము చూచి జాతి తెలిసికొనవలెను. కానాగంత ఒడ్డుపొడుగు గల చేప. వీపుప్రక్కన సన్నని నల్లచారలు నిలువునా సాగును, ప్రక్కరెక్క క్రింద ఒక నల్లమచ్చ ఉండును. వంజరము సన్నగా పొడుగుగా ఉండి, పదునైన పండ్లు కలిగి, ప్రక్కలయందు అడ్డముగా అలలవంటి పట్టెలు కలిగియుండును.

ఇట్టి చిక్కే అమెరికాలోని ఫ్లారిడా తీరమునను ఉన్నది. అక్కడ స్పానిష్ మాకెరెల్ అను చేపను ముట్టె నుండి తోకచీలిక వరకు 12 అంగుళములున్న పట్టవచ్చును, మనిషికి దినమునకు 15 మాత్రమే. కింగ్ మాకెరెల్ అను పెద్దజాతికి హద్దు 24 అంగుళములు. ఈ రెండవదాని పిల్లలకు మొదటిదానివలెనే ప్రక్కల పసుపుచుక్కలుండును. చుక్కలను నమ్మినవాడు నేరమున చిక్కును. మొదటి వీపురెక్క ముందరిభాగము నల్లగా ఉన్నచో స్పానిష్, లేనిచో కింగ్ అని వేటకాండ్రు నేర్చుకొందురు. ఐరోపాలో అట్లాంటిక్ మాకెరెలునకు సాధారణపు హద్దు 20 సెంటీమీటర్లు, ఉత్తరసముద్రమున మాత్రము 30.

మన దేశమున కేరళ ప్రభుత్వము 2015లో పద్నాలుగు రకముల సముద్రజీవులకు కనిష్ఠపు పొడవు నిర్ణయించెను. తరువాత ఆ పట్టిక 58 రకములకు పెరిగెను. కానాగంతకు హద్దు 14 సెంటీమీటర్లు, నూనెకవళ్లకు 10. పదునాలుగు అనునది కానాగంత గ్రుడ్లు పెట్టు పొడవుకన్న తక్కువే. సూత్రమును పూర్తిగా పాటించినచో జాలరి పడవ వట్టిగా తిరిగి రావలసివచ్చును గనుక, అతి పసివానిని మాత్రము కాపాడుటకు పెట్టిన హద్దు ఇది. శాస్త్రమునకు, అన్నమునకు నడుమ జరిగిన ఒప్పందముగా దీనిని భావింపవచ్చును. ఆంధ్రతీరమున ముఖ్యమైన కట్టడి కాలమును బట్టి ఉన్నది. ఏటేట ఏప్రిల్ 15 నుండి జూన్ 14 వరకు, 61 దినములు, మరపడవలు సముద్రమునకు పోరాదు.

గోదావరిలో ఈ కొలతలన్నియు కలిసి పరీక్షకు నిలిచిన చేప పులస. సముద్రమున దీనిని ఇలస అందురు. ఎర్రనీరు సముద్రమున కలియగనే ఇది గ్రుడ్లు పెట్టుటకు నదిలోనికి ఎదురీదును. ఆ ప్రయాణములో దానికి రుచి హెచ్చుననియు, పుస్తెలు అమ్మియైనను తినవలెననియు సామెత. ఇచ్చట పొడవుహద్దు ఒక్కటియే ఉన్నచో చేప దక్కదు. నది ఎక్కు పులస పూర్తిగా ఎదిగినదే, ఏ కొలబద్దకైనను సరిపోవును. అయితే దాని కడుపులో గ్రుడ్లున్నవి. వానిని విడువకమునుపే అది వలలో పడుచున్నది. బంగ్లాదేశములో ఈ చేపకు రెండు కట్టడులు కలవు. 25 సెంటీమీటర్లకు లోబడిన పిల్లలను జాట్కా అని పిలిచి నవంబరు నుండి జూన్ వరకు పట్టనియ్యరు. అక్టోబరున గ్రుడ్లుపెట్టు కాలమున 22 దినములు పెద్దవానిని కూడ పట్టనియ్యరు.

గోదావరి పులసకు వలకు మించిన అడ్డు ఇంకొకటి కలదు. ఆర్థర్ కాటన్ ధవళేశ్వరము కడ 1847లో ప్రారంభించిన ఆనకట్ట 1852లో పూర్తియైనది. దానివలన డెల్టా సస్యశ్యామలమాయెను, కరవు తొలగెను. పులసదారి మాత్రము తెగెను. పాతకట్టకు బదులుగా నేడున్న బ్యారేజీకి తలుపులు కలవు. దాని ఎగువన పోలవరము కడ మరియొక పెద్దకట్ట నిర్మాణములో ఉన్నది. నేటికిని ఆషాఢ శ్రావణములలో పులసలు సముద్రము నుండి బయలుదేరి, ధవళేశ్వరపు తలుపుల క్రింద దూకు నీటిలో గుమిగూడుచున్నవి. జాలరులు కూడ అక్కడనే పడవలతో వేచియుందురు.